‘క’తో ఎందుకు గుణించాలి?
(అనిర్ధారిత గుణకాల పద్ధతి గురించి ఒక పాఠం)

విద్యార్థి సంఘం మిత్రులు వచ్చి, “సార్, సావనీరుకు ఏదైనా రాయండి, కానీ లెక్కలు మాత్రం వద్దు” అన్నారు. నాకు వచ్చింది లెక్కలొక్కటే. అందుకని లెక్కల గురించే రాస్తున్నాను. కాకపోతే ఇది నేను పరీక్షలో తప్పిన లెక్క. తప్పినవాడు చెప్పే పాఠం పాసైనవాడు చెప్పే పాఠం కన్నా కొంచెం నిదానంగా ఉంటుంది. కాబట్టి చదివి చూడండి.

నేను బి.ఎస్సీ. చదివే రోజుల్లో అవకలన సమీకరణాల పేపర్లో ఈ ప్రశ్న వచ్చింది.

ల″ − 3ల′ + 2ల = ఘా(క)

గుర్తుల సంగతి ముందే చెప్పేస్తాను. ఈ వ్యాసంలో క అంటే కాలం, ల అంటే మనం కనుక్కోవలసిన ప్రమేయం. ల′ మొదటి అవకలజం, ల″ రెండవ అవకలజం. ఘా(క) అంటే ఘాత ప్రమేయం, అంటే 2.718... అనే సంఖ్యకు క ఘాతం. దాని గుణం మీకు తెలిసిందే: ఘా(2క)ను అవకలనం చేస్తే 2ఘా(2క) వస్తుంది. రూపం మారదు, ముందు ఒక సంఖ్య చేరుతుంది, అంతే.

అనిర్ధారిత గుణకాల పద్ధతి ప్రకారం, కుడివైపు ఘా(క) ఉంది గనుక ల = గ·ఘా(క) అని ఊహించాను. గ ఎంతో తెలియదు, దాన్నే కనుక్కోవాలి. ప్రతిక్షేపిస్తే ఎడమవైపు గ(1 − 3 + 2)ఘా(క), అంటే సున్న. కుడివైపు ఘా(క). గ × 0 = 1. నేను భయపడకుండా “గ = 1 ÷ 0 = అనంతం” అని రాసి, కింద రెండు గీతలు కూడా కొట్టాను. క్లాసులో “ఇట్లాంటప్పుడు ఊహను కతో గుణించాలి” అని చెప్పారు. నోట్సులో రాసుకున్నాను కూడా. ఎందుకు గుణించాలో తెలియని మాట పరీక్ష హాల్లో గుర్తుకు రాలేదు. కొద్ది మార్కులతో పేపరు పోయింది. సప్లిమెంటరీ ఫీజు కోసం మా నాయిన రెండు మేకలు అమ్మాడు. ఇక లెక్కలు నాకు రావు, చదువు మానేస్తానని ఇంటికి వెళ్ళిపోయాను.

మా ఊరు కల్వకుర్తికి దగ్గరే. నాయిన నీరటి పని చేసేవాడు. చెరువు తూము తీయడం, మూయడం, ఎవరి మడికి ఎంత నీరు పారాలో చూడటం ఆయన పని. మాది గొలుసుకట్టు చెరువుల ప్రాంతం. పై చెరువు విడిచిన నీరు కింది చెరువులో పడుతుంది, అక్కడి నుంచి ఇంకో కిందిదానికి. ఆ ఏడు పై చెరువు కింద నాట్లు లేవు. నీళ్లన్నీ కింది చెరువుకే వదిలారు. రోజూ పొద్దున నాయిన వెంట కట్ట మీద నడిచేవాణ్ణి. ఒకనాడు, “ఇంకెన్ని రోజులు నిండుతది నాయినా ఈ చెరువు?” అని అడిగాను. తూము కాడి రాతి మెట్లు చూపించి ఆయన ఇట్లా అన్నాడు:

“రెండు తూములు ఒక్క తీరువే గద బిడ్డా. పై చెరువుల ఎన్ని మెట్ల నీళ్లున్నయో కింది చెరువుల గూడ అన్నే మెట్లున్ననాడు ఇగ నిండుడు బందైతది. ఆ మర్నాటి సంది దిగుడే.”

ఆ మాట పట్టుకుని నేను ఇంట్లో కాగితం మీద లెక్క వేశాను. నాకు ఈ పద్ధతి అర్థమైంది ఆ రాత్రే. ఆ లెక్కనే ఇప్పుడు మీ ముందు పెడుతున్నాను.

ఒక్క చెరువు లెక్క

చెరువులో నీటి లోతు ల అడుగులు. తూము గడప నుంచి పైకి కొలుస్తున్నాం. కాలం క రోజుల్లో. తూములోంచి రోజుకు ఉన్న లోతులో పదో వంతు పోతుందనుకుందాం. పైనుంచి వచ్చే నీరు రోజుకు వ అడుగుల మట్టాన్ని పెంచుతుందనుకుందాం. అప్పుడు:

ల′ + 0.1ల = వ

పైనుంచి ఏమీ రాకపోతే వ = 0. అప్పుడు సాధన ల = స·ఘా(−0.1క). ఇక్కడ స ఏదైనా స్థిరరాశి. ఇదే పూరక ప్రమేయం. చెరువు తనంతట తాను ఎట్లా ఖాళీ అవుతుందో అది చెబుతుంది. నీరు వస్తున్నప్పుడు సమీకరణాన్ని తృప్తిపరిచే ఏదో ఒక సాధన దొరికితే చాలు, దాన్ని ప్రత్యేక సమాకలని అంటాం. రెండూ కలిపితే సాధారణ సాధన. ఎందుకు కలపవచ్చు? ఒకే సమీకరణానికి రెండు సాధనలుంటే వాటి భేదం తీసి చూడండి. కుడివైపు వ, వ కొట్టుకుపోయి సున్న మిగులుతుంది. అంటే ఏ రెండు సాధనలకైనా మధ్య తేడా పూరక ప్రమేయంలోనిదే. అందుకే ఒక్కటి దొరికితే అన్నీ దొరికినట్టే.

ఆ ఒక్కటి దొరికించుకోవడానికే ఊహ. ఈ ‘ఊహించి సరిచూడటం’ మనకు కొత్తది కాదు. 1150లో భాస్కరాచార్యుడు రాసిన లీలావతిలో ఇష్టకర్మ అని ఒక పద్ధతి ఉంది. ఒక రాశిలో సగమూ మూడో వంతూ కలిపితే 20 అయింది, ఆ రాశి ఎంత? ఇష్టం వచ్చిన సంఖ్య, 6 తీసుకోండి. సగం 3, మూడో వంతు 2, మొత్తం 5. కావలసింది 20, అంటే నాలుగు రెట్లు. కాబట్టి రాశి 24. ఇక్కడ ఊహ తప్పినా నష్టం లేదు. రూపం సరిగ్గా ఉంటే చాలు, కొలత తర్వాత సరిదిద్దుకోవచ్చు. మన పద్ధతి కూడా అంతే: ప్రమేయం రూపాన్ని ఊహిస్తాం, గుణకాన్ని సమీకరణమే చెబుతుంది. బీజగణితంలో దెకార్త్ 1637లో తెలియని గుణకాలను ఇట్లాగే వాడాడు. స్థిర గుణకాలున్న ఏకఘాత అవకలన సమీకరణాలను ఘాత ప్రమేయాన్ని ఊహించి సాధించే దారిని ఆయిలర్ 1743లో ప్రచురించాడు.

మొదటి సందర్భం: వచ్చే నీరు రోజూ ఒకే లెక్క. ఈనాడు కృష్ణ నీళ్లు ఎల్లూరు, జొన్నలబొగుడ, గుడిపల్లిగట్టు అనే మూడు మెట్లెక్కి కల్వకుర్తి ఎత్తిపోతల కాలువల్లోకి వస్తున్నాయి. అట్లాంటి కాలువ ఒకటి చెరువులో రోజుకు 0.4 అడుగు చొప్పున పోస్తోందనుకోండి.

ల′ + 0.1ల = 0.4

ల = గ అని ఊహిద్దాం. స్థిరరాశి అవకలజం సున్న. 0.1గ = 0.4, కాబట్టి గ = 4. ఖాళీ చెరువుతో మొదలైతే ల = 4 − 4ఘా(−0.1క). పదో రోజుకు సుమారు 2.53 అడుగులు, ముప్పయ్యో రోజుకు 3.80. కాలువ ఎన్నాళ్లు పారినా నాలుగు అడుగులు దాటదు. గ విలువ చెప్పేది చెరువు చివరికి నిలబడే మట్టమని గమనించండి.

రెండో సందర్భం: వాన వెలిసింది, వాగు రోజురోజుకూ తగ్గుతోంది.

ల′ + 0.1ల = 0.6ఘా(−0.3క)

ల = గ·ఘా(−0.3క) అని ఊహిస్తే −0.3గ + 0.1గ = 0.6, అంటే గ = −3. చాలామంది పిల్లలు ఇక్కడ ఆగిపోయి, “సార్, లోతు మైనస్ వచ్చింది” అంటారు. ప్రత్యేక సమాకలని ఒక్కటే లోతు కాదు, పూరక ప్రమేయం కలిపినాకనే లోతు. చెరువు ఖాళీగా మొదలైతే స = 3 వచ్చి, ల = 3[ఘా(−0.1క) − ఘా(−0.3క)]. ఇది ఎప్పుడూ ధనాత్మకమే. అయిదున్నర రోజులకు 1.15 అడుగుల దాకా ఎక్కి, తర్వాత దిగుతుంది.

ఏ రూపం ఊహించాలి?

ఇది కంఠస్థం పట్టే పట్టిక కాదు. ఒక్కటే ప్రశ్న వేసుకోండి: కుడివైపు ఉన్నదాన్ని మళ్లీ మళ్లీ అవకలనం చేస్తే ఏయే ప్రమేయాలు పుడతాయి? అవన్నీ ఊహలో ఉండాలి.

ఘా(3క) ఉంటే పుట్టేది ఘా(3క) ఒక్కటే. ఊహ: గ·ఘా(3క).

క² ఉంటే క², క, 1 పుడతాయి. ఊహ: గక² + చక + జ. ఉదాహరణకు ల″ + 4ల = 8క². ప్రతిక్షేపిస్తే 4గక² + 4చక + (2గ + 4జ) = 8క². గుణకాలను పోల్చితే గ = 2, చ = 0, జ = −1. అందుకే ల = 2క² − 1. కుడివైపు స్థిరరాశి లేదు కదా అని జ వదిలేసినవాడికి జవాబు రాదు.

సైన్ క ఉంటే సైన్ క, కాస్ క రెండూ పుడతాయి. ఊహలో రెండూ ఉండాలి. ల′ + ల = 2సైన్ క తీసుకోండి. ల = గ కాస్ క + చ సైన్ క అయితే, కాస్ గుణకాల నుంచి చ + గ = 0, సైన్ గుణకాల నుంచి చ − గ = 2. కాబట్టి చ = 1, గ = −1. ల = సైన్ క − కాస్ క. దీని శిఖరం కుడివైపు శిఖరం కన్నా ఆవృత్తిలో ఎనిమిదో వంతు ఆలస్యంగా వస్తుంది. వచ్చే నీరు 24 గంటలకోసారి పెరిగి తగ్గేదైతే, ఈ చెరువు మట్టం మూడు గంటలు వెనకబడి పెరుగుతుంది. ఊహలో కాస్ వేయకపోతే ఈ ఆలస్యానికి చోటే ఉండదు.

1/క, లాగ్ క, టాన్ క, సెక్ క లాంటివి కుడివైపు ఉంటే? వాటిని అవకలనం చేసిన కొద్దీ కొత్త కొత్త ప్రమేయాలు పుడుతూనే ఉంటాయి. కుటుంబం ఎక్కడా ముగియదు కాబట్టి ఈ పద్ధతి పనికిరాదు. అక్కడ లగ్రాంజ్ పేరు మీద ప్రసిద్ధమైన పరామితుల విచరణ పద్ధతి కావాలి. అట్లాగే ఎడమవైపు గుణకాలు స్థిరరాశులు కాకపోతే కూడా మన పద్ధతిని నమ్మలేం.

పై చెరువు, కింది చెరువు

ఇప్పుడు నాయిన చెప్పిన సంగతికి వద్దాం. రెండు చెరువులూ ఒకే విస్తీర్ణం, ఒకే తూము అనుకుందాం. పై చెరువులో మొదట 6 అడుగుల నీరు, కిందిది ఖాళీ. పై చెరువు లోతు 6ఘా(−0.1క). అందులో పదో వంతు, అంటే 0.6ఘా(−0.1క), రోజూ కింది చెరువుకు వస్తుంది.

ల′ + 0.1ల = 0.6ఘా(−0.1క)

ల = గ·ఘా(−0.1క) అని ఊహిస్తే −0.1గ + 0.1గ = 0.6. అంటే 0 = 0.6. పరీక్షలో నన్ను ముంచిన గుండం ఇదే. గ అనంతం అని రాస్తే చెరువులో అనంతమైన నీళ్లున్నాయని అర్థం. పైన ఉన్నవే ఆరు అడుగులైతే కింద అనంతం ఎక్కడిది? ఆ రాత్రి నాకు నవ్వొచ్చింది.

తప్పు సమీకరణంలో లేదు, ఊహలో ఉంది. గ·ఘా(−0.1క) అనేది ఈ చెరువు తనంతట తాను ఖాళీ అయ్యే తీరు. దాన్ని ఎడమవైపు పెడితే సున్న రావడమే దాని స్వభావం. పాత నీటి లెక్క చెప్పే ప్రమేయాన్నే కొత్త నీటి లెక్క కూడా చెప్పమంటే ఎట్లా చెబుతుంది?

అయితే కతో గుణించాలని ఎట్లా తెలుస్తుంది? నేను చేసిందిది. వచ్చే నీరు 0.1 రేటుతో కాకుండా ర రేటుతో తగ్గుతోందనుకున్నాను: 0.6ఘా(−ర·క). అప్పుడు మామూలు ఊహ పని చేస్తుంది. ఖాళీ చెరువుకు సాధన:

ల = [0.6 ÷ (ర − 0.1)] × [ఘా(−0.1క) − ఘా(−ర·క)]

ఇప్పుడు రను మెల్లగా 0.1 దగ్గరికి తీసుకువచ్చి, పదో రోజు లోతు ఎంతో చూడండి.

ర = 0.3 అయితే 0.95 అడుగు
ర = 0.2 అయితే 1.40
ర = 0.11 అయితే 2.10
ర = 0.101 అయితే 2.20

ఎక్కడా అనంతం లేదు. ముందున్న గుణకం పెద్దదవుతూ పోతుంది, నిజమే. కానీ బ్రాకెట్లోని భేదం అంతే వేగంగా చిన్నదవుతుంది. రెండూ కలిసి ఒక అవధికి చేరుతున్నాయి. ఆ అవధి మీకు తెలిసిందే. భేదాన్ని భేదంతో భాగించి అవధి తీసుకోవడమంటే అవకలనమే గదా! ఇక్కడ ర దృష్ట్యా అవకలనం. ఘా(−ర·క)ను ర దృష్ట్యా అవకలనం చేస్తే −క·ఘా(−ర·క) వస్తుంది. ఆ క అక్కడినుంచి ఊడిపడింది! అవధిలో:

ల = 0.6క·ఘా(−0.1క)

సరిచూద్దాం. ల′ = 0.6ఘా(−0.1క) − 0.06క·ఘా(−0.1క). దీనికి 0.1ల కలిపితే రెండో పదం కొట్టుకుపోయి 0.6ఘా(−0.1క) మిగిలింది. సరిపోయింది. పదో రోజు లోతు 2.21 అడుగులు, పై వరుస ఎటు పోతోందో అక్కడికే చేరింది.

గరిష్ఠం ఎప్పుడు? ల′ = 0 అంటే 0.6 = 0.06క, అంటే క = 10. ఆ పదో రోజున పై చెరువులో ఎంతుంది? 6ఘా(−1), అంటే 2.21 అడుగులు. రెండు చెరువుల్లో నీరు సమానం! నాయిన మెట్లు లెక్కబెట్టి చెప్పినమాట కాగితం మీద నా ముందు కూర్చుంది. తెల్లారేదాకా నిద్రపట్టలేదు.

గొలుసులో ఇంకొక లంకె

మూడో చెరువు కూడా అదే తీరుదైతే? దానికి వచ్చే నీరు 0.06క·ఘా(−0.1క). సాధన 0.03క²·ఘా(−0.1క), గరిష్ఠం ఇరవయ్యో రోజు, 1.62 అడుగులు. ఒక్కొక్క చెరువు దాటినప్పుడల్లా ఒక్కొక్క క చేరుతోంది, శిఖరం పది రోజులు వెనక్కు పోతోంది. పుస్తకంలో “సహాయక సమీకరణానికి మూలం ఎన్నిసార్లు పునరావృతమైతే ఊహను అన్నిసార్లు కతో గుణించాలి” అని ఉండేది ఇదే. ఒకే తీరు చెరువులు ఎన్ని వరుసగా ఉంటే అన్ని కలు.

ఇప్పుడు నా పరీక్ష ప్రశ్నకు వెళదాం: ల″ − 3ల′ + 2ల = ఘా(క). సహాయక సమీకరణం మూలాలు 1, 2. కాబట్టి ఘా(క) పూరక ప్రమేయంలో ఉంది, ఒక్కసారే ఉంది. ఊహ: ల = గక·ఘా(క).

ల′ = గ(1 + క)ఘా(క)
ల″ = గ(2 + క)ఘా(క)

ప్రతిక్షేపిస్తే గ[(2 + క) − 3(1 + క) + 2క] = −గ. ఇది 1కి సమానం, కాబట్టి గ = −1. సాధారణ సాధన:

ల = స₁ఘా(క) + స₂ఘా(2క) − క·ఘా(క)

సప్లిమెంటరీలో ఇదే రకం లెక్క వచ్చింది. ఈసారి కింద గీతలు కొట్టలేదు, కానీ చేశాను.

అందుకే పిల్లలకు నేను చెప్పే వరుస ఇది. మొదట పూరక ప్రమేయం రాయండి. తర్వాతనే ఊహ రాయండి. ఊహలోని ఏ పదమైనా పూరక ప్రమేయంలో ఉందేమో చూడండి. ఉంటే ఆ కుటుంబం మొత్తాన్నీ కతో గుణించండి, ఇంకా ఉంటే మళ్లీ గుణించండి. మొదటి మెట్టు ఎక్కకుండా రెండో మెట్టు మీద కాలు పెట్టినవాళ్లే జారిపడతారు. నేను జారింది అక్కడే.

ఒక ఒప్పుకోలు

చివరికి ఒక నిజం ఒప్పుకోవాలి. నిజమైన తూములోంచి నీరు లోతుకు అనుపాతంలో పోదు. టారిచెల్లి సూత్రం ప్రకారం లోతు వర్గమూలానికి అనుపాతంలో పోతుంది. అప్పుడు సమీకరణం ఏకఘాతం కాదు, సాధనలను కలపడం కుదరదు, మన పద్ధతి అక్కడికి రాదు. పదో రోజు, 2.21 అడుగులు అన్నవి నేను సౌకర్యానికి వేసుకున్న నమూనా లెక్కలు మాత్రమే.

కానీ నాయిన మాట చూడండి. రెండు తూములూ ఒకే తీరువైతే, నీరు వర్గమూలం లెక్కన పోనీ, మరే లెక్కన పోనీ, లోతులు సమానమైననాడు వచ్చేదీ పోయేదీ సమానం. ఆనాడు నిండటం ఆగవలసిందే. చెరువుల విస్తీర్ణాలు వేరైనా సరే. నా సమీకరణం ఒక నమూనాకే నిలబడుతుంది, ఆయన మాట అన్నిటికీ నిలబడుతుంది. ఆయనకు ల′ = 0 అని రాయడం రాదు, అంతే తేడా. ఆ సంగతి నాకు తట్టిన నాటికి నేను పాఠాలు చెబుతున్నాను. చెప్పుకోవడానికి ఆయన లేడు.

మిత్రులారా, లెక్కలో సున్నతో భాగించవలసి వస్తే లెక్కలు మీకు రావని అనుకోకండి. అక్కడ ఏదో అడగవలసిన ప్రశ్న ఉందని అర్థం. క్లాసులో అడగండి. క్లాసులో జవాబు రాకపోతే చెరువు కట్ట మీద అడగండి.

అభ్యాసం

1. ల′ + 0.2ల = 1. చెరువు ఏ మట్టం దగ్గర నిలబడుతుంది?
2. ల″ − 2ల′ + ల = ఘా(క)కు ప్రత్యేక సమాకలని కనుక్కోండి.
3. ల″ + ల = సైన్ కకు ప్రత్యేక సమాకలని కనుక్కోండి. అది కాలంతోపాటు ఎందుకు పెరుగుతోంది? ఊయల ఊపేవాణ్ణి తలుచుకోండి.
4. గొలుసులో నాలుగో చెరువు ఏ రోజున ఎక్కువ నిండుతుంది?

జవాబులు: (1) 5 అడుగులు. (2) ½క²·ఘా(క). (3) −½క·కాస్ క. ఊయల తన లయలో ఊగుతున్నప్పుడు అదే లయలో తోస్తున్నాం గనుక. (4) ముప్పయ్యో రోజు, 1.34 అడుగులు.